మూడో పిలుపు

నల్లగొండ సెషన్స్ కోర్టు వరండాల
ముప్పై ఒక్క ఏండ్లు పేర్లు పిలిచిన.
వాది, ప్రతివాది, సాచ్చి, ముద్దాయి,
ఎవలికైనా మూడు పిలుపులే.
మూడోదానికి గూడ పలుకకపోతే
లోపల ఎర్రసిరాతోని ఒక గీత.

ఆయన పేరు మాత్రం ఎన్నడు పిలువలే.
ఆయన బెంచి ఎక్కేటప్పుడు
తలుపు కాడ గొంతు సవరించుకునుడే నా పని.

గంజి పురుషోత్తం.
పుట్టపాకల మగ్గం గుంతల కాళ్లాడించిన నర్సింలు కొడుకు.
నూలుకు ముడి ఎందుకు గడ్తరో తెలుసా ఈదయ్యా,
అని ఓ పగటిపూట అడిగిండు, టిఫిను డబ్బ మూత తీస్తూ.
రంగు పట్టాల్సిన కాడ కాదు,
పట్టొద్దన్న కాడ గట్టాలె.
తీర్పు గూడ గంతే, అన్నడు.
నవ్వుతడేమో అని చూసిన. నవ్వలే.

రమావత్ సక్రు కేసు ఆయన బెంచి మీదికే వచ్చింది.
దేవరకొండ దిక్కు తండ, బోరుమోటరు కాడ లొల్లి,
ఒక్క పార దెబ్బ.
సక్రుకు ఇరవై నాలుగేండ్లు.
నేను పిలిచినప్పుడు ఒక్క పిలుపుకే వచ్చి నిలబడ్డడు,
బడిల హాజరేసినట్టు చెయ్యెత్తి.
యావజ్జీవం.
ఆ దినం డబ్బ మూత తియ్యలే సారు.
కూజల నీళ్లు ఒడిసినంక ఖాళీ గిలాసను
ఇటు నుంచి అటు జరిపిండు,
అటు నుంచి ఇటు.

హైకోర్టుకు పోయిండు. పెద్ద పెద్ద పుస్తకాలల్ల
ఆయన తీర్పులు అచ్చయినయని వకీలు సాబులు చెప్పేది.
రిటైరై నెల తిరగక ముందే
ఎక్కడ్నో కొండల రాజ్యానికి గవర్నరు.
గడియారం సెంటరుల ఫ్లెక్సీలు గట్టిన్రు.
చాయ్ హోటల్ల ఒకడన్నడు:
ఏ తీర్పుకు కూలి అది?
వాని కాలరు పట్టుకున్న.
ఇంటికొచ్చినంక నిద్ర పట్టలే,
వాడు అడిగినందుకు కాదు,
నా కాడ జవాబు లేనందుకు.

ఓసారి ఉత్తరమొచ్చింది, బంగారు ముద్ర కాయితం మీద
అదే వంకర చేతిరాత:
“ఇక్కడ వాన ఆగదు ఈదయ్యా.
ఓ రెండు దినాల వాన మర్రిగూడకు పంపే అధికారం
ఏ సెక్షన్లనన్న ఉన్నదేమో అని వెతికిన.
అసెంబ్లీల ‘నా ప్రభుత్వం’ అని చదువుత.
రాసేది వేరేవాళ్లు. అండ్ల కామా గూడ నాది కాదు.
మొన్న ఒక క్షమాభిక్ష ఫైలొచ్చింది.
పేరు వేరే. వయసు సక్రుదే.
మంత్రులు వద్దన్నరు.
సంతకం మాత్రం నన్ను పెట్టమన్నరు.
పెన్ను మూత తీసి చానాసేపు కూసున్న.”
పెట్టిండా లేదా, రాయలే.
నేను గూడ అడుగలే.

ఐదేండ్లు అయినంక వచ్చిండు.
పైలట్ కార్లు లేవు, బ్యాండు లేదు,
చంకల ఒక సంచి, కంటికి ఆపరేషన్ అద్దాలు.
కొత్త కోర్టు బిల్డింగు దిక్కు చూడను గూడ చూడలే.
పాత వరండా మెట్ల మీద కూసొని
సక్రు ఏమైండు అన్నడు.
పద్నాలుగేండ్లకు ఇడిసిపెట్టిన్రు సార్,
ఇప్పుడు మల్లేపల్లి కాడ పంక్చర్ల దుకాణం.
పోదామన్నడు. లేచిండు. మళ్ల కూసున్నడు.

ఎండ స్తంభాల నడుమకెల్లి వాలిపోతున్నది.
“నన్నొకసారి పిలువు ఈదయ్యా,” అన్నడు,
“ముద్దాయిని పిలిచినట్టే.”

గొంతు తుప్పు పట్టింది. అయినా పిలిచిన.
గంజి పురుషోత్తం... హాజిర్!
పావురాలు లేచినయి.
గంజి పురుషోత్తం... హాజిర్!
ఆయన సంచి పట్టీ సరిచేసుకుంటున్నడు,
పెదవులు కదులుతున్నయి, మాట రాలే.

మూడోసారి నేను పిలువలే.