మసి తుడిచేవాడి మాట

సెవ్రాన్ లోయలో ఏడాదికి తొంభై రోజులు పొద్దు పొడవదు.
అభ్రకపు కొండల మధ్య మా ఊరు
మూసిన పిడికిట్లో మిణుగురు.
నా పని దీపాల చిమ్నీలకు మసి తుడవడం.
తత్వం నాకెవరూ కూర్చోబెట్టి చెప్పలేదు,
నిచ్చెన మీద ఉంటే అదే చెవిన పడింది.

మొదట ఒక్కటే కేక, అంటాడు హెల్మూన్ గురువు.
ఎవరు వేశారని అడగొద్దు,
కేకకు ముందు ఎవరూ లేరు.
నోటి దగ్గరే ఆగిపోయింది ధ్వని.
దూరం ఉరికి ఉరికి
తన మాట తానే మరిచిపోయింది వెలుగు.
అందుకే మాకు దీపానికి అగ్గి ఒక్కటే చాలదు,
మరిచిన మాట అందించాలి,
ఒక్కో దీపానికి ఒక్కో స్వరం.
మూడో వంతెన దీపానికి గొంతు జీరగా ఉండాలి.
రొట్టెల వీధి దీపం
ముక్కుతో పలికితేనే కళ్లు తెరుస్తుంది.
అంగడి మూల దీపం మాత్రం
ముసలి ఓర్దెక్ ఒక్కడికే పలికేది.
అతను పోయిన రాత్రి నుంచి అక్కడ చీకటే.
ఎవరూ దాన్ని పీకెయ్యలేదు.

చీకటంటే వెలుగు లేకపోవడం కాదట,
లోకం చెవులు రిక్కించడమట.
దొంగలు కూడా నమ్ముతారీ మాట,
గోడ దూకేముందు చీకటికి క్షమాపణ గొణుగుతారు.
అలాగే పట్టుబడుతుంటారు.

ఇత్సా వచ్చింది నిరుటి చీకటి నెలల్లో.
ఉప్పు బండ్లవాళ్ల పిల్ల, తొమ్మిదేళ్లు, పుట్టు చెవుడు.
పాఠశాల గడప దగ్గర కూర్చుంటే
చెవిటివాడి ముందు శంఖమని నవ్వారు శిష్యులు.
నేనూ నవ్వాను. దాచను.

ఆ పిల్ల అరచెయ్యి అభ్రకపు గోడకు ఆనించి
కళ్లు మూసుకునేది.
ఒకరోజు నేను నిచ్చెన ఎత్తుకుంటుంటే
చొక్కా పట్టి లాగింది.
నాలుగు వేళ్లు చూపింది, బుగ్గలు పూరించి ఉఫ్ అని ఊదింది.
ఆటలాడుతోందనుకున్నాను.
నాలుగో మలుపు దీపం అప్పుడారింది.
మర్నాడు రెండు. ఆ మర్నాడు పదకొండు.
గాలికింకా తెలియని కబురు
ఆ చేతికి ముందే అందుతోంది.

గురువు ఆమె ఎదుట మోకాళ్ల మీద కూర్చున్నాడు.
చేతిదీపం ఆర్పాడు, తన చెవి చూపించాడు,
అరచేతులు విప్పి అడిగాడు.
ఆరేటప్పుడు వెలుగు ఏ శబ్దం చేస్తుంది?
ముప్పై ఏళ్లుగా శిష్యుల్ని అడుగుతున్న ప్రశ్నే.
నిట్టూర్పన్నవాణ్ణి వెనక్కి పంపేవాడు,
మౌనమన్నవాడికి శాలువా కప్పేవాడు.

ఇత్సా రాత నేర్చుకునే ఇసుక పళ్లెం తెచ్చి
అడుగున గోటితో తట్టింది.
ఇసుక ఉలిక్కిపడింది.
ఎవరూ గియ్యని గీతలుగా సర్దుకుంది.
ఆయన చెయ్యి పట్టుకుని పళ్లెం కింద పెట్టి
మళ్లీ తట్టింది.
శబ్దం కాదు, వెలుగూ కాదు,
రెండూ పుట్టకముందటి వణుకు.
ఆయన చాలాసేపు చెయ్యి తియ్యలేదు.

ఆ రాత్రి పెద్ద పుస్తకం తెరిచి
మొదటి పంక్తిలో కేక అన్న మాట కొట్టేశాడు.
దాని చోట ఏమీ రాయలేదు.
సగం మంది శిష్యులు అలిగి కొండ దిగిపోయారు,
వాళ్ల శాలువాలు గుంజలకు వేలాడుతున్నాయి.
ఖాళీ అలాగే ఉంది, నేను చూశాను,
పుస్తకాల దుమ్ము దులిపేదీ నేనే.

ఉప్పు బండ్లు కదిలేరోజున
ఇత్సా అంగడి మూలకు నడిచింది.
ఓర్దెక్ దీపస్తంభాన్ని రెండు చేతులా వాటేసుకుని
గొంతులోంచి ఏదో తీసింది.
శ్రుతి లేదు, ఆకారం లేదు,
బండరాయి దొర్లినట్టు ఉంది.
దీపం వెలగలేదు.
వెలిగిందని తర్వాత చెప్పుకున్నవాళ్లు
ఆ వేళ అక్కడ లేరు.
నేనున్నాను.
చిమ్నీ మీద చెయ్యి వేస్తే
గోరువెచ్చగా తగిలింది, అంతే.

అప్పటి నుంచి వారం వారం
దాని మసి కూడా తుడుస్తున్నాను.
వెలగని దీపానికి మసి ఎక్కడిదని
నన్ను అడక్కండి.