డోర్ లాక్

ముప్పై ఏళ్ళుగా పటమటలో ఉంటున్నాను.
వన్‌టౌన్‌కి ఎప్పుడొచ్చినా చేతిలో జాబితా ఉండేది:
పెళ్ళికి చీరలు, నోముకి ఇత్తడి గిన్నెలు,
టోకున చింతపండు, ఎండుమిర్చి.
ఈ ఆదివారం ఉత్త చేతులతో ఆటో దిగాను.
రెండు గంటల నడకకి ఎనిమిది వందలు మాట్లాడుకుని
నా ఊరికి నేనే చుట్టపుచూపుగా.

పంజా సెంటర్లో టీకొట్టు పక్కన
మడిచిన గొడుగు మీద బరువానించి ఖుద్దూస్ గారు.
కరెంటాఫీసులో మీటర్ రీడరుగా చేసి దిగిపోయిన మనిషి.
"రాజుల సంగతి నాకు తెలీదమ్మా,"
ముందే చెప్పేశారు,
"నాకు తెలిసింది తలుపుల సంగతి."

నడిచాం.
మూసిన షట్టర్ల ముందు
మూటలకి తలానించి హమాలీలు.
మార్కెట్టు గోడ వెంట ఉల్లిపొట్టు
గాలి వచ్చినప్పుడల్లా ఒక గజం ముందుకి.
ఆయన తలెత్తి చూడమన్నారు.
కింద సెల్‌ఫోన్ కవర్ల బోర్డు,
పైన సున్నపు గచ్చులో తీగలు,
తీగల్లో నెమలి.
నెమలికి తల లేదు.
"ఈ ఇంటాయన హాల్లో బల్బు వేస్తే
వంటింట్లో ఆర్పించేవాడు.
నెలకి పదకొండు యూనిట్లు.
పండగొచ్చినా పదకొండే."

పక్క సందులో ఇంకో గుమ్మం,
ఒక అరుగు మీద ఏసీ పెట్టె నీళ్ళు కారుస్తోంది.
"మీటరు తలుపు వెనకాల ఉండేది.
ఆ తలుపు వెనకాలే ఆవిడా ఉండేది.
చెయ్యి ఒక్కటే బయటికొచ్చేది, మజ్జిగ గ్లాసుతో.
ఇరవై రెండేళ్ళు తాగాను.
మొహం తెలీదు."

ఇస్లాంపేట మలుపులో
సలాం చెప్పినవాళ్ళ కంటే
"బిల్లెక్కువొచ్చింది మామూ" అన్నవాళ్ళే ఎక్కువ.
రిటైరై తొమ్మిదేళ్ళు.
తప్పు ఇంకా ఆయనదే.

కొత్తపేట దాటి, కొండ మెట్ల వైపు తిరిగాక
నడక ఆగింది.
స్తంభం ఉంది. స్తంభం మీద నంబరుంది.
ఇల్లుండాల్సిన చోట అపార్ట్‌మెంట్ పార్కింగూ,
కారు మీద ముసుగూ.
గాలిలో వేలితో ఏదో లెక్కపెట్టుకుని,
తనలో తాను అనుకున్నట్టు, "డోర్ లాక్" అన్నారు.

అంటే ఏమిటని అడిగాను.

"వెళ్ళేసరికి తాళముంటే పుస్తకంలో అలా రాసేవాళ్ళం.
రీడింగు లేదని బిల్లు ఆగదు కదమ్మా,
వెనకటి నెలలు చూసి సగటు వేసేవాళ్ళం.
మనిషి ఊళ్ళో లేకపోయినా,
అసలు మనిషే లేకపోయినా,
దీపం వెలిగినట్టే లెక్క."

స్కూల్లో బట్టీ పట్టిన చరిత్రంతా
ఎందుకో ఒక్కసారి కళ్ళముందుకొచ్చింది.
ఎవరెవరు ఏయే తాళాల ముందు నిలబడి
ఎంత సగటు రాసుకున్నారో.

ఆయన ఇంకా ఆ కారు వైపే చూస్తున్నారు.
"ఈ ఇంటికే నాలుగేళ్ళు డోర్ లాక్ రాశాను.
ఐదో ఏడు తలుపు బార్లా తీసుంది,
లోపల ఎవరూ లేరు.
టార్చి వేసి మీటరు చూశాను.
నేను ఊహించి రాసినదానికీ దానికీ
రెండే యూనిట్లు తేడా.
బయట తాళం వేసుంటే
లోపల ఎవరు కాల్చారంటారు?"

నాకు తోచలేదు.
ఆయనా నా జవాబు కోసం ఆగలేదు.
మెట్ల మీంచి ఒక పిల్లాడు
రెండు బిందెలు మోగించుకుంటూ దిగిపోయాడు.

కాలవ గట్టు దగ్గర డబ్బులిస్తే
లెక్కపెట్టి, ఒక వంద తిరిగిచ్చారు.
"ఒక ఇల్లు చూపించలేకపోయాను కదా."
వద్దన్నాను. వినలేదు.
జేబులోంచి చిన్న పుస్తకం తీసి
తేదీ వేసి, నా పేరు రాసి,
అక్షరాలు సరిగ్గా ఉన్నాయో లేదో చూడమన్నారు.
ఉన్నాయి. పక్క గడి మాత్రం ఖాళీ.

ఆటో బందరు రోడ్డెక్కాక గుర్తొచ్చింది:
ఆ మజ్జిగ చేతికి
గాజులు ఏ రంగువో అడగనే లేదు.