అర మార్కు కోత

హల్ నుంచి విదర్న్‌సీ దాకా
రోజుకి నాలుగు ట్రిప్పులు.
సముద్రం ఒడ్డున బస్సు తిరిగేచోట
తొమ్మిది నిమిషాలు ఆగాలి.
ఆ తొమ్మిది నిమిషాల్లోనే గెయిల్ ఆక్స్‌టబీ
స్టీరింగు మీద పేపరు పరిచి
గళ్ళ నుడికట్టు పూరిస్తుంది,
పాత బాకీ తీర్చినట్టు విడతలవారీగా.

వెనక రెండో సీట్లో సిరిల్ స్టేథర్స్.
ఎనభై మూడేళ్ళు. ఉచిత పాసు. ఎక్కడా పనిలేదు.
ఒకప్పుడు అచ్చాఫీసులో సీసపు అక్షరాలు పేర్చినవాడు.
ఆయన పూరించడు.
తప్పులు పడతాడు.

"కలప తలకిందులై బడికి పోయింది. మూడక్షరాలు."
"పలక" అంటుంది గెయిల్, శాండ్‌విచ్ నములుతూనే.
"చచ్చు ఆధారం" అంటాడు సిరిల్.
"నా ఉద్యోగమంతా తలకిందులుగానే చదివాను.
ఇలాంటివి మాకు టీ తాగుతూ వచ్చేవి."

వాళ్ళ ఇంగ్లీషులో ఆ చిక్కుముడి వేరు.
నా దగ్గరున్న దారంతో
నేనిలా ముడేసుకున్నాను.

కూర్పరి పేరు ఎండ్రకాయ.
అసలు పేరు ఎవరికీ తెలీదు.
"అడ్డం ఆధారాల్లో హుషారు,
నిలువుకొచ్చేసరికి నీరసం.
పేరుకు తగ్గ నడకే" అని సిరిల్ తీర్పు.
రోజూ మార్కులు వేస్తాడు, పదికి.
ఎనిమిది ఒక్కసారే వేశాడు.
ఆ రోజు గెయిల్ సగం కూడా పూరించలేకపోయింది.

మార్చిలో కంటి ఆపరేషను.
ఒక కంటికి పట్టీ, రెండోది ముందే మసక.
అయినా బస్సెక్కాడు,
మెట్టు ఎక్కడుందో బూటుతో తడుముకుంటూ.
"చదువు" అన్నాడు.

గెయిల్ చదివింది:
"నవలలో, కామా, చేపలకు భయం. రెండక్షరాలు."
"కామా చదవకు."
"ఉంది కదా!"
"ఉంటుంది. అది దారి తప్పించడానికే పెడతారు.
వందల కామాలు నా చేత్తో పెట్టాను,
సగం అబద్ధాలాడేవే. మళ్ళీ చదువు, ఒక్క ఊపిరిలో."

నవలలో చేపలకు భయం.

వెనక సీట్లో స్కూలు పిల్లాడొకడు
చెవుల్లోంచి పాట తీసేసి వింటున్నాడు.
సిరిల్ పెదవులు కదిలాయి,
ఒక్కో అక్షరాన్నీ వేళ్ళతో తడిమి చూసినట్టు.
న. వ. ల.
"వల" అన్నాడు.
అంతే, తనే ఉలిక్కిపడ్డాడు,
తన జేబులోనే ఎవరిదో పర్సు దొరికినట్టు.

గెయిల్ ఏమీ అనలేదు.
పెన్నుతో రెండు గళ్ళు నింపింది.
తొమ్మిది నిమిషాలూ అయిపోయాయి. బస్సు కదిలింది.

దారంతా ఒక్కటే మిగిలింది, పద్నాలుగు నిలువు:
"తలుపుకి కొమ్ము విరిగితే మనసులో పడేది. మూడక్షరాలు."
గెయిల్ రౌండెబౌట్ల దగ్గరల్లా గొణుక్కుంటోంది:
తలుపు... ఎద్దు... గడియ... గాయం...
సిరిల్‌కి నిద్ర పట్టిందనుకుంది.

ప్యాట్రింగ్టన్‌లో ఓ ముసలామె దిగింది,
బంగాళదుంపల సంచీతో, మెల్లగా, చాలా మెల్లగా.
ఉస్సుమని తలుపు మూసుకుంది.

"తలపు!"
బస్సంతా తిరిగి చూసింది.
"తలుపులో 'లు' ఉంది కదా, దాని కొమ్ము తీసెయ్.
తలపు!"

గెయిల్ హారన్ కొట్టింది, రూల్సుకి విరుద్ధంగా.
పిల్లాడు చప్పట్లు కొట్టాడు, ఎందుకో తెలీకుండానే.

"ఈ రోజు పది వేస్తావా మరి?" అంది అద్దంలోంచి.
సిరిల్ పట్టీ సర్దుకున్నాడు.
మొహంలో నవ్వు పోనిచ్చి, జడ్జిలా గొంతు సవరించుకుని,
"కొమ్ము విరిగితే అన్నాడు. ఏ కొమ్మో చెప్పాడా?
ఆ మాటలో రెండున్నాయి.
అర మార్కు కోత."

"రెండోది విరిస్తే మాటే మిగలదుగా!
ఇంక చెప్పడమెందుకు?"

"న్యాయం ఎండ్రకాయకైనా ఒకటే, గెయిల్."

హల్ చేరేదాకా వాదించుకున్నారు.
పిల్లాడి స్టాపు దాటిపోయింది.