పదిహేడో కెమెరా

లీలామహల్ సర్కిల్లో వాన.
నా తెర మీద వట్టి గీతలు.

ఇరవై నాలుగు పెట్టెల ఊరు నాది,
రాత్రి పది నుంచి పొద్దున ఆరు దాకా.
ఏసీ గదిలో శాలువ కప్పుకొని కూచుంటా.
ఒక్క పెట్టెకీ నోరు లేదు.

బస్టాండు దగ్గర జీపోళ్ళు నోళ్ళు తెరస్తారు.
"కొండకా, కొండకా, ఇద్దరే తక్కువ!"
ఆ మాట నేనే అనుకుంటా, గొంతులో.
తిలక్ రోడ్డులో షట్టరు లేస్తుంది,
అలవాటుగా పళ్ళు బిగబట్టుకుంటా,
కీచుమనదు.
గోవిందరాజుల గుడి వీధిలో ఒక ఆవు
లారీని నిలబెట్టేసింది,
డ్రైవరు హారను మీద మోచెయ్యి పెట్టి
ఆవులిస్తా ఉండాడు.

పైనుంచి చూస్తే మనుషులకి మొహాలుండవు.
పాపిట్లు, ముసుగులు, చంటిబిడ్డల కుళ్ళాయిలు,
కొండ దిగొచ్చిన గుండ్లు,
గంధం ఇంకా తడారనివి.

పదిహేడో కెమెరా కింద టీ బండి.
ఆ మనిషిది రెండు సుళ్ళ నెత్తి.
మూడున్నరకి స్టవ్వు ముట్టిస్తాడు,
మొదటి గ్లాసు రోడ్డుకి పోస్తాడు,
బన్ను తుంచి కుంటికుక్కకి వేస్తాడు.
ఒకసారి తలెత్తి,
అద్దమనుకున్నాడో ఏమో,
మీసం దువ్వుకున్నాడు.
నేను గబుక్కున పైట సర్దుకున్నా.
పక్క సీట్లో కులశేఖరు నవ్వీ నవ్వీ దగ్గినాడు.

ఈ రాత్రి రెండు సుళ్ళూ కనపడలా.
బండి ఉంది. చుట్టూ తొమ్మిది గుండ్లు.
పోసేదెవరో తాగేదెవరో.
దగ్గరికి లాగి చూస్తే బొమ్మ
చుక్కలు చుక్కలుగా పగిలిందే గానీ
మనిషి తేలలా.

డ్యూటీ దిగి స్కూటీ అటు తిప్పినా.
నేల మీద నుంచి ఆ సర్కిలు నాకు తెలీదు.
తెరలో ఎడంపక్క ఉండే మందుల షాపు
ఇక్కడ ఎదురుగా ఉంది.
వాసనొకటి, అదెప్పుడూ నా లెక్కలోకి రాలా:
అల్లం, డీజిలు, తడిసిన గోనెపట్టా.
హారన్లు, గోవిందలు, అరవంలో బేరం,
అన్నీ ఒక్కసారే మీద పడినాయి.
చెవులు మూసుకోబోయి
మూసుకోలా.

గుండ్ల వెనక నుంచి ఒక గొంతు:
"పాపా, చక్కెర ఎంత?"
సన్నంగా, బడిపిల్లోడి మాదిరి.
ఇన్ని రాత్రులూ ఆ మనిషికి నేను
ఉరుముల గొంతు పెట్టింటిని.

"అర స్పూను" అన్నా.
గ్లాసు కాలింది. తలెత్తి చూస్తే
స్తంభం మీద పదిహేడోది,
వానచుక్క వేలాడేసుకొని.

పగటి డ్యూటీ ధనకోటమ్మ ఈపాటికి
సీట్లో కూచోనుంటుంది.
నా పాపిటికి
ఏం మాటలు అతికిస్తా ఉందో.