ఎనిమిదో పాయ

ఆటు లాగేసిన వేళ భైరవపాలెం రేవులో
నీళ్ళ అడుగున ఒక చుక్క.
తలెత్తితే, పైన ఆ చోటు ఖాళీ.

"ఏడుగురు రుషులు ఏడు పాయలు తెచ్చారంట గదా,
ఎనిమిదో ఆయనొచ్చేసరికి నేలైపోయింది.
కమండలం వొంపకుండానే దిగిపోయాడు"
పీతల వల విదిలిస్తూ సంగాడి మసేనమ్మ.

భానోజీ మేష్టారు మూడు రాత్రులు
మడచెట్టు కొమ్మకి దుర్భిణి కట్టి
దోమల్ని కొట్టి, అంకెల్ని కొట్టేసి
చివరికి లెక్క తేల్చారు:
వెలుగు ముందే బయల్దేరింది,
చుక్క ఇంకా పుట్టలేదు.

మరి ఈ వెలుగెవరిది మేష్టారూ?
ఆయన కళ్ళజోడు తుడుచుకున్నారు.

మసేనమ్మ మాత్రం పడవ ముక్కు
కాస్త ఎడంగా తిప్పింది.
"దాని మీంచి పోకూడదు.
పుట్టాల్సినోళ్ళకి తెడ్డు తగులుద్ది."