వెన్నెలమడ్డి

బాయిల రూఫ్ కూలిన రాత్రి
మా నాయిన రాజలింగు, ఓదెలు మామ
టబ్బు చాటున పద్దెనిమిది గంటలున్నరు.
తొమ్మిదో గంటకే క్యాప్‌ల్యాంపులు కండ్లు మూసినయ్.
ఆ తర్వాత గోదావరిఖని కింద
ఇంకో ఊరు పుట్టింది.

దాని పేరు అడుగునాడు.
ఆడ పొద్దు పొడువది, గూకది.
ఏరు పల్లం నుంచి మిట్టకు పారుతది.
జొన్నకంకులు వేర్లకే కాస్తయి.
పిల్లలు పుట్టంగనే ముసలోళ్ల లెక్క దగ్గుతరు,
పెరిగినకొద్దీ ఊపిరి తేటైతది.

ఎప్పుడో ఒక పున్నం నాడు చంద్రుడు ఒలికిపోతే
తేటంత మన మీద పడ్డది.
అడుక్కు దిగిన చిక్కటి తెలుపు
మన్ను దాటి, ఇసుక దాటి, బండ దాటి
వాళ్లకు చేరింది.
వెన్నెలమడ్డి.

దానికి వాళ్లు గుడి కట్టలేదు.
గుడి కడితే తలుపు పెట్టాలె,
తలుపు పెడితే అది తాళం అడుగుతది.
మట్టి చిప్పల పోసి గడప బయట ఉంచుతరు.
ఎవలన్న ముట్టొచ్చు.
గోటి మీదంత తీసుకుంటే
గోటి మీదంత ఎవలికన్న పెట్టాలె.
పెట్టకుండ పిడికిలి ముడిస్తే తెల్లారేసరికి
(తెల్లారుడే లేని ఊర్లె
ఆ మాటకు అర్థమేందో నాకు తెల్వది)
పిడికిట్లనే నల్లగ గడ్డకడుతది.

"మరి మనం తవ్వేదంత?" అని అడిగిండట ఒకడు.
"గదే. ఎవడో దాచుకున్నదే" అన్నడట ఇంకొకడు.
ఇద్దరు నవ్విండ్రట.
నవ్వితే దుమ్ము నోట్లకు పోయిందట.

బయటికి తీసినంక
నాయినకు రెండు వేళ్లు లేవు, మామకు కుడికన్ను.
కథ మాత్రం కుంటకుండ కాలనీ అంత తిరిగింది.
మామ పెండ్లాం కనకలచ్మి
క్వార్టరు గడప బయట
మూకుట్ల సున్నపుతేట పెట్టింది మొదట.
పక్కింటి సర్దారు ఇంట్ల చూసి వాళ్లూ పెట్టిండ్రు.
ఆడికెల్లి ఫస్టు షిఫ్టుకు పోయెటోళ్లు
గోటితో ఇంత తీసి
వెనక వచ్చెటోని నుదుట రాసుడు.
నామం కాదు, బొట్టు కాదు.
సంఘపోళ్లు నవ్విండ్రు. పూజారి ఊకున్నడు.
మేనేజరు అడిగితే "సల్లదనానికి సారూ" అన్నరు.

నేనిప్పుడు బొగ్గు ల్యాబుల పని చేస్త.
గ్రాము పొడి మూసల పోసి
ఎనిమిదొందల పదిహేను డిగ్రీల కాలుస్త.
మిగిలిన బూడిద తూస్త, రాస్త:
నూటికి ముప్పై నాలుగు. నూటికి నలభై ఒకటి.
బూడిద ఎక్కువుంటే ధర తక్కువ.
ఒక్కోపారి మూస సల్లారినంక
అంచుకు తెల్లగ, చిక్కగ ఇంత అంటుకొని ఉంటది.
సిలికా, అల్యూమినా, సున్నం. పేర్లు నాకు తెలుసు.
పేర్లు తెలిసినా
బ్రష్షు ఆడనే ఆగుతది.

పోయినేడు నాయిననడిగిన:
"గా కథ నువ్వే అల్లినవ్ గదా,
ఓదెలు మామ నిద్రపోవద్దని?"
మూడు వేళ్ల చెయ్యి తలుపుకు ఆనించి అన్నడు:
"నేనా? నాకు కథలొస్తే
చిన్నప్పుడు నీకు జెప్పకపోదునా?
వాడు జెప్పిండు. నేను ఊ కొట్టిన."

మామ దగ్గరికి పోయిన.
"మీ నాయినే జెప్పిండు బిడ్డా.
చీకట్ల గొంతు ఎవలిదో నాకు తెల్వదా?
ఊ కొట్టింది నేను."

ఇద్దరూ ఊ కొట్టినోళ్లే.
ఆ రాత్రి మస్టరు తీయించి చూసిన.
మూడో పేరు లేదు.

ఇయ్యాల సెకండు షిఫ్టు శాంపిలొచ్చింది.
సంచి విప్పి పెద్ద గడ్డ ఒకటి
అరచేతిల పెట్టుకున్న.
ఎవడు దాచిండో,
ఎన్నేండ్లు ముడిచిన పిడికిలో.
కొత్తగ చేరిన పిల్లగాడు భూమేశ్
పనికి దిగే ముందు, అలవాటుగ,
నా ముందు నుదురు వంచి నిలబడ్డడు.
సున్నపుతేట మూకుడు ఇంటికాడ మరిచిన.
గడ్డను గోటితో ఇంత గీకి
వాని నుదుట రాసిన.
నల్లగనే అంటింది.
వాడు తుడుచుకోలేదు.
త్రాసు సరిచూసి, మూస అందుకున్నడు.