ఎరుపు డబ్బా

అక్కడ కాలు పెట్టకు బాబూ,
ఆ గడ్డి కింద ఒకాయన మోకాళ్లున్నాయి.

ఈ గుట్ట మీద సమాధులెన్నని కదూ అడిగావు?
లక్షంటారు లెక్కలవాళ్లు.
నాకు తెలిసినవి నాలుగొందలు.
మూడొందలు మా నాన్న అప్పగించినవి,
తక్కినవి దిక్కులేక
వానలో కుక్కల్లా నా వెంటపడి వచ్చినవి.

బుకిట్ బ్రౌన్ అని ఎవరో దొర పేరు. ఆ దొర ఇక్కడ లేడు.
ఇరవై రెండులో తెరిచారు, డెబ్బై మూడులో మూశారు.
ఆ మధ్యలో
రబ్బరు షావుకార్లు, రిక్షా లాగినవాళ్లు,
పురిట్లోనే పోయిన పిల్లతల్లులు.
పెద్దింటివాళ్లు ఎత్తున, మిగతావాళ్లు పల్లాన.
గట్టి వాన పడితే
పైవాళ్ల మట్టి కిందవాళ్ల మీదికి జారుతుంది,
మర్నాడు నేనే పారతో ఎగదోస్తాను.

చేతుల కుర్చీలా ఉందా సమాధి?
అమ్మ కడుపట అది.
ఈ పూలపలకలు జపాను నుంచి ఓడల్లో వచ్చాయి,
గులాబీ ఇంకా వెలవలేదు.
అటూ ఇటూ తలపాగా, గడ్డం, తుపాకీ...
రాతి సర్దార్జీలు.
చీనా ముసలాయన నిద్రకి పంజాబీ కావలి,
గడ్డి కోయడానికి జావావాళ్ల మనవణ్ణి నేను.
జీతం ముట్టేది నాకొక్కడికే,
అదీ చింగ్ మింగ్‌కి వాళ్లవాళ్లొస్తే.

ఇటు రా. కొత్త రోడ్డు మీద
ఆ మూడో దీపస్తంభం ఉంది చూడు,
అక్కడుండేవాడు గోహ్ కిమ్ స్వీ.
ఆయన పేరు పచ్చరంగులో,
పక్కనే భార్య పేరు ఎరుపులో.
పచ్చంటే పోయినట్టు.
ఎరుపంటే, తన చోటు ముందే చెక్కించుకుని
ఇంకా ఎక్కడో తిరుగుతున్నట్టు.
"ఆవిడ ఎరుపు వెలవనివ్వకురా,"
ఏటేటా రెండు డబ్బాలు తెచ్చి మా నాన్న అనేవాడు.
యుద్ధంలో ఆవిడ ఎటు పోయిందో చెప్పినవాళ్లు లేరు,
వచ్చి పచ్చ వెయ్యమన్నవాళ్లూ లేరు.

తర్వాత నంబర్ల మేకులు దిగాయి.
తెల్లవారకముందే తవ్వారు.
ఎముకలకి ఆకాశం కనపడకూడదని
టార్పాలిన్ పట్టుకున్నది నేనే.
ఎడమన ఆయన: పళ్లు, బొత్తాలు ఐదు, ఒక పచ్చరాతి ఉంగరం.
కుడివైపు మట్టి.
మామూలు మట్టి. ఒక వానపాము.
గుమాస్తా "ఒకటి" అని రాసుకున్నాడు.
"ఇద్దరండీ," అన్నాను,
మిషను మోతలో వినపడలేదు.

ఎవరూ అడక్క, చివరికి ఆయన బూడిదని
సముద్రంలో కలిపారు.
పగిలిన రాతిలో ఆవిడ పేరున్న ముక్కని
నేను సైకిలు మీద, ఆపైన లిఫ్టులో
పదకొండో అంతస్తుకి మోసుకొచ్చాను.
మా ఆవిడ వారం రోజులు వరండాలోకి రాలేదు.
ఇప్పుడు దాని మీదే మిరపకాయలు ఎండబెడుతోంది.

యో గ్యోక్ లాన్.
నూట ఇరవై దాటి ఉంటాయి ఇప్పుడావిడకి.
రేపు రంగు వెయ్యాలి, డబ్బా అడుగంటింది.
బస్టాండు పక్క కొట్లో
చిన్నదైనా చాలు, ఎరుపు,
ఉందేమో కాస్త అడిగి పెడతావా?